మంత్రగ్రంథాల లేఖకుడి వృత్తిని కథలో నిలబెట్టడం ఎలా

ఫాంటసీ కథల్లో మంత్రగ్రంథాలకు కొదవ ఉండదు. నాయకుడు నేలమాళిగలోకి దిగుతాడు, దుమ్ము దులుపుతాడు, పుస్తకం తెరిచి మంత్రం చదివేస్తాడు. ఆ పుస్తకం అన్ని శతాబ్దాల తరువాత కూడా చదవదగిన స్థితిలో ఎలా ఉందన్న ప్రశ్న మాత్రం చాలా కథల్లో తలెత్తదు. ఆకైనా, తోలైనా, కాగితమైనా కాలానికి లొంగేదే కనుక, తరతరానికీ ఎవరో ఒకరు పాత ప్రతిని ముందు పెట్టుకుని కొత్త ప్రతి రాసి ఉంటేనే ఆ మంత్రం నాయకుడి చేతికి అందుతుంది. ఆ పని చేసే మనిషిని, అతడి వృత్తిని పాఠకుడు నమ్మేటట్లు కల్పించడం ఎలాగో ఈ వ్యాసంలో వివరిస్తాను. కథలు రాసేవారికే కాక, ఆటల కోసం ప్రపంచాలు రూపొందించేవారికి కూడా ఇది పనికివస్తుంది.

తప్పు రాస్తే ఏమవుతుందో ముందుగా తేల్చుకోండి

ఇటువంటి వృత్తిని కల్పించేటప్పుడు చాలామంది సంఘానికి పేరు పెట్టడంతోను, సభ్యులకు ముద్రలు, దుస్తులు నిర్ణయించడంతోను మొదలుపెడతారు. అవి ఎప్పుడు చేర్చినా నష్టం లేదు. మొదట తేల్చుకోవలసిన ప్రశ్న ఒక్కటే: ప్రతి తీసేటప్పుడు ఒక్క అక్షరం తప్పుపడితే మీ ప్రపంచంలో ఏం జరుగుతుంది? లేఖకుల శిక్షణ ఎంతకాలం ఉండాలి, వారికి ఎంత గౌరవం దక్కాలి, రాజు వారిని ఎందుకు కనిపెట్టి ఉండాలి, ఒక ప్రతికి ఎంత వెల పలకాలి అన్నవన్నీ ఈ ప్రశ్నకు మీరిచ్చే జవాబు నుంచే పుడతాయి.

తప్పుపడిన మంత్రం పనిచేయకుండా పోతుందని అనుకుంటే, లేఖకుడు ఓపికగల చేతిపనివాడవుతాడు. నష్టం డబ్బుకు, కాలానికి పరిమితమవుతుంది. అయితే ఆ తప్పు వెంటనే బయటపడదు. నలభై ఏళ్ల తరువాత కోట ముట్టడిలో ఉన్నప్పుడు ఎవరో ఆ పుట తెరిచి చదివేదాకా అది చచ్చిన మంత్రమని ఎవరికీ తెలియదు. నెమ్మదిగా సాగే పెద్ద నవలకు ఈ ఏర్పాటు బాగా నప్పుతుంది. రాయడమే మంత్రప్రయోగమని, ప్రతి అక్షరం లేఖకుడి ఒంట్లోని శక్తిని లాగుతుందని అనుకోవడం మరో మార్గం. వినడానికి ఇది ఆకర్షణీయంగానే ఉంటుంది కానీ, అప్పుడు లేఖకుడు మాంత్రికుడిగా మారిపోయి, ఈ వృత్తికంటూ వేరే ఉనికి మిగలదు. నేనైతే తప్పుపడిన మంత్రం వేరొక పని చేస్తుందన్న ఏర్పాటునే ఎంచుకుంటాను. మంత్రశక్తి ఏమాత్రం లేని ఒక సాధారణ మనిషి, కేవలం ఏమరుపాటు వల్ల ఊరినే తగలబెట్టగల స్థితిలో కూర్చుని రోజంతా రాస్తూ ఉండటంలో ఉన్న బిగువు మిగిలిన వాటిలో లేదు. ఇకపై చెప్పేదంతా ఈ ఏర్పాటును దృష్టిలో ఉంచుకుని చెబుతున్నాను.

తప్పులు పుట్టే తీరు తెలుసుకోండి

లేఖకుడి తప్పును కథలో చూపేటప్పుడు "అలసటతో ఒక అక్షరం తప్పు రాశాడు" అని వదిలేస్తే సరిపోదు. చేతిరాత ప్రతులను శతాబ్దాలుగా పరిశీలించిన పండితులు గుర్తించినదేమిటంటే, తప్పులు ఎలాపడితే అలా పుట్టవు, వాటికి కొన్ని స్థిరమైన దారులు ఉన్నాయి. లేఖకుడి చూపు మాతృక మీద, అంటే తాను చూసి రాస్తున్న పాత ప్రతి మీద పడుతుంది, నాలుగైదు మాటలను మనసు పట్టుకుంటుంది, చెయ్యి వాటిని రాస్తుంది, చూపు మళ్లీ మాతృకలో వదిలిన చోటికి వెళుతుంది. ఈ నాలుగు మెట్లలో ఎక్కడైనా కాలు జారవచ్చు.

అన్నిటికంటే ఎక్కువగా జారేది చివరి మెట్టులో. ఒక బంధన మంత్రాన్ని ఊహించండి:

తలుపును బంధింతును,
తలుపు వెనుక గాలిని బంధింతును,
గాలి వెనుక గొంతును బంధింతును.

లేఖకుడు మొదటి పాదం రాసి తల ఎత్తుతాడు. అతడి మనసులో చివరి మాట "బంధింతును" మెదులుతూ ఉంటుంది. కన్ను మాతృకలో ఆ మాటను వెతికి పట్టుకుంటుంది, కానీ పట్టుకున్నది రెండో పాదం చివరనున్న మాటను. చెయ్యి మూడో పాదం రాయడం మొదలుపెడుతుంది. కొత్త ప్రతిలో తలుపుకు బంధం ఉంది, గొంతుకూ బంధం ఉంది, నడుమనున్న గాలి మాత్రం స్వేచ్ఛగా ఉంది. ఈ ప్రతిని మళ్లీ చదివినా తప్పు కంటికి ఆనదు, ఎందుకంటే వాక్యం ఎక్కడా తెగలేదు, అర్థం ఎక్కడా చెడలేదు. కథకు ఇటువంటి తప్పే మేలైనది. ఆ గది తెరిచిన రోజున లోపలి నుంచి ఏం వీస్తుందో మీరు ఊహించుకోవచ్చు.

రెండో దారి అక్షరాల పోలిక. వకారం చివర గీత కాస్త సాగితే మకారంలా కనబడుతుంది. ప్రాకారమనే అర్థంలో "ఈ ఇంటికి వరణము కలుగుగాక" అని ఉన్న రక్షామంత్రాన్ని, అరిగిపోయిన మాతృక నుంచి మసకవెలుతురులో ప్రతి తీసే లేఖకుడు ఏమని రాసే ప్రమాదముందో వేరే చెప్పనక్కరలేదు. మీ ప్రపంచంలో కల్పిత లిపి ఉంటే, పోలికగల అక్షరాల జంటలను రెండో మూడో ముందే నిర్ణయించి పెట్టుకోండి. శిష్యులకు మొదటి ఏడాదంతా ఆ జంటలే నేర్పుతారని రాస్తే, పాఠకుడికి ఆ లిపి కళ్లకు కట్టినట్లవుతుంది.

మూడో దారి అన్నిటికంటే ప్రమాదకరమైనది. అది లేఖకుడి తెలివి. మాతృకలో వింతగా ఉన్న మాటను చూసి, ముందటివాడు తప్పు రాశాడని అనుకుని, తనకు తెలిసిన మాటతో దాన్ని "సరిదిద్దడం". ప్రతుల మధ్య తేడా వచ్చినప్పుడు రెండు పాఠాల్లో కష్టమైనదానికే పరిష్కర్తలు, అంటే ప్రతులను పోల్చి అసలు పాఠాన్ని తేల్చే పండితులు, సాధారణంగా మొగ్గు చూపడానికి కారణం ఇదే. తెలిసిన మాటను తెలియని మాటగా మార్చే లేఖకుడు అరుదు, తెలియనిదాన్ని తెలిసినదిగా మార్చేవాడు ప్రతిచోటా ఉంటాడు. అందువల్ల మీ సంఘంలో, మంత్రభాష అర్థం తెలియనివారినే లేఖకులుగా తీసుకోవాలన్న నియమం పెట్టడం ఎంతో సహజంగా ఉంటుంది. అర్థం రహస్యంగా నేర్చుకున్న లేఖకురాలు ఒకరు ఆ సంఘంలో ఉన్నారంటే, కథ సగం సిద్ధమైనట్లే.

చదవకూడని పాఠాన్ని సరిచూసే పద్ధతి కల్పించండి

ఈ వృత్తికి గుండెకాయ రాయడం కాదు, సరిచూడటం. నిజజీవితంలో ఒకరు మాతృకను బిగ్గరగా చదువుతుండగా మరొకరు ప్రతిలో వేలు పెట్టి పోల్చుకోవడం అన్నిటికంటే సులువైన దారి. మంత్రగ్రంథం విషయంలో ఈ దారి మూసుకుపోతుంది, ఎందుకంటే బిగ్గరగా చదివితే మంత్రం పనిచేయడం మొదలుపెడుతుంది. చదవకుండా చదివించాలి. ఈ చిక్కుముడికి మీరు ఇచ్చే పరిష్కారం మీద మీ కల్పన నాణ్యత చాలావరకు ఆధారపడుతుంది కనుక ఇక్కడ తొందరపడవద్దు.

పరిష్కారాలకు చరిత్రలోనే ముడిసరుకు దొరుకుతుంది. యూదుల పవిత్ర గ్రంథమైన తోరాను చేత్తో రాసే లేఖకులు మాతృకను చూడకుండా జ్ఞాపకం నుంచి రాయకూడదు. ఒక అక్షరం పక్క అక్షరాన్ని తాకినా ఆ ప్రతి పఠనానికి పనికిరాదు. సంప్రదాయం ప్రకారం ఆ గ్రంథంలోని అక్షరాల సంఖ్య 3,04,805. క్రీస్తుశకం మొదటి సహస్రాబ్ది ఉత్తరార్ధంలో హీబ్రూ పాఠాన్ని స్థిరపరచిన మసోరెట్లు అనే పండితులు మాటలను, శ్లోకాలను లెక్కించి, అరుదైన రూపాలను పుట అంచుల్లో గుర్తించి పెట్టారు. లెక్క అనేది అర్థం జోలికి పోకుండా పాఠాన్ని కాపాడే సాధనం. పుటకు ఎన్ని అక్షరాలు, అందులో ఏ అక్షరం ఎన్నిసార్లు, నడిమి అక్షరం ఏది అన్నవి పట్టిక వేసి ఉంచితే, మంత్రం పెదవి దాటకుండానే ప్రతిని పరీక్షించవచ్చు. మీ సంఘంలో రాసేవారితో సమానంగా లెక్కించేవారికి కూడా హోదా ఇవ్వండి. వారి మధ్య పాతకక్షలు ఉంటే మరీ మంచిది.

వేదపాఠకుల ఏర్పాటు ఇంతకంటే నేర్పుగా ఉంటుంది. లిపి మీద ఆధారపడకుండా పాఠాన్ని కాపాడటానికి వారు పదపాఠం, క్రమపాఠం, జటాపాఠం, ఘనపాఠం వంటి పఠన పద్ధతులు ఏర్పరచుకున్నారు. ఘనపాఠంలో మూడు పదాలను ఒకటి రెండు, రెండు ఒకటి, ఒకటి రెండు మూడు, మూడు రెండు ఒకటి, ఒకటి రెండు మూడు అన్న వరుసలో చదివి, ఆపై ఒక పదం ముందుకు జరిగి మళ్లీ అదే వరుస పట్టుకుంటారు. ప్రతి పదం తన ముందు పదంతోను, వెనుక పదంతోను ఇన్నిసార్లు ముడిపడటం వల్ల ఒక పదం జారిపోవడం గాని, తారుమారు కావడం గాని దాదాపు అసాధ్యమవుతుంది. మంత్రగ్రంథాల లేఖకుడికి దీనిలో ఇంకొక లాభం కనబడుతుంది. పదాలన్నీ పలుకుతారు, కానీ మంత్రం మొదటి నుంచి చివరిదాకా తిన్నగా ఒక్కసారి కూడా పలకబడదు. పైన చెప్పిన బంధన మంత్రాన్ని ఈ పద్ధతిలో చదివించి చూడండి. "బంధింతును తలుపు, తలుపు బంధింతును" అంటూ సాగే ఆ గొణుగుడు సరిచూసే గదిలో రోజంతా వినబడుతూ ఉంటుందని రాస్తే వాతావరణం దానంతట అదే ఏర్పడుతుంది.

ఇంకా సాదాగా కావాలనుకుంటే, పదాన్ని పలకకుండా అక్షరాలను విడగొట్టి చెప్పించవచ్చు: "వకారం, రకారం, ణకారం, మకారానికి ఉకారం..." ఈ పద్ధతి నెమ్మది, విసుగు. విసుగు పుట్టిన చోట నియమం ఉల్లంఘించాలన్న కోరిక పుడుతుంది, ఉల్లంఘన పుట్టిన చోట కథ పుడుతుంది.

రాసే వస్తువును ఆషామాషీగా ఎంచుకోవద్దు

తోలు పుస్తకం, ఈక కలం అనేవి అలవాటుగా వచ్చిపడే వస్తువులు. వాటిని వాడవద్దని అనను గానీ, తాటాకు మీద రాసే పనిలో ఈ కల్పనకు సరిగ్గా సరిపడే ఒక విశేషం ఉంది. తాటాకులను ఉడికించి, ఆరబెట్టి, నునుపు చేసిన తరువాత లేఖకుడు ఎడమచేతిలో ఆకు పట్టుకుని, కుడిచేతి గంటంతో అక్షరాలను గీస్తాడు. అప్పుడు ఆకు మీద సిరా ఏమీ ఉండదు. సన్నని గీతలు మాత్రమే ఉంటాయి, అవి కంటికి సరిగా ఆనవు. రాత పూర్తయ్యాక నూనెలో కలిపిన మసిని ఆకంతా పూసి గుడ్డతో తుడిచేస్తే, గీతల్లో నిలిచిన మసి వల్ల అక్షరాలు నల్లగా తేలతాయి. అంటే రాయడం ఒక పని, అక్షరాన్ని కనబడేటట్లు చేయడం మరొక పని. మీ ప్రపంచంలో గీసిన మంత్రం నిద్రలో ఉంటుందని, మసి పడితేనే మేల్కొంటుందని ఏర్పాటు చేసుకుంటే, సరిచూసేవారికి కావలసిన వ్యవధి దొరుకుతుంది. దీపాన్ని పక్కవాటుగా పెట్టి, నీడల్లో అక్షరాలు పోల్చుకుంటూ, వేలి కొసతో తడుముతూ పరీక్షించే దృశ్యం రాయడానికి వీలు కలుగుతుంది. మసి పూసే అధికారం సంఘంలో ఒక్కరికే ఉందనుకోండి, ఆ ఒక్కరు ముసలితనంతో చూపు కోల్పోతున్నారనుకోండి, మిగిలినది మీకే తోస్తుంది.

సిరా వాడదలచుకుంటే దాని గుణం కూడా తెలుసుకోవాలి. ఐరోపాలో శతాబ్దాలపాటు వాడిన సిరాను మాచికాయ, అన్నభేది అనే ఇనుప లవణం, తుమ్మబంక కలిపి తయారుచేసేవారు. రాసినప్పుడు అది వెలవెలబోతూ ఉండి, గాలి తగిలేకొద్దీ నల్లబడుతుంది. ఏళ్లు గడిచేకొద్దీ అందులోని ఆమ్లం, ఇనుము కలిసి తాము కూర్చున్న కాగితాన్నే తినేస్తాయి. చివరికి అక్షరాలున్న చోట అక్షరాల ఆకారంలో రంధ్రాలు మిగిలిన పాత కాగితాలు ఉన్నాయి. తనను మోసే పుటను తానే తినే మంత్రం అన్న ఊహకు ఇంతకంటే వేరే మాయ అక్కరలేదు.

వస్తువే ఆ వృత్తి వేగాన్ని కూడా నిర్ణయిస్తుంది. తేమ, వేడి ఉన్న చోట తాటాకు ప్రతి కొన్ని శతాబ్దాలకు మించి నిలవడం కష్టం, పురుగుల బాధ సరేసరి. కనుక అక్కడ మళ్లీ మళ్లీ ప్రతులు తీయక తప్పదు. మట్టిపలకలకు ఆ బాధ లేదు. క్రీస్తుపూర్వం 612లో అస్సీరియా రాజధాని నినెవె తగలబడినప్పుడు అష్షూర్‌బనిపాల్ అనే రాజు గ్రంథాలయంలోని మట్టిపలకలు ఎన్నో ఆ మంటలో కాలి మరింత గట్టిపడ్డాయి. ఆ గ్రంథాలయపు పలకలు, శకలాలు 30,000కు పైగా నేటికీ మిగిలి ఉన్నాయి. అగ్నిమంత్రాలను ఆకుల మీద, తోలు మీద రాసే మాంత్రికులు కథల్లో ఎందుకంత మంది ఉంటారో నాకు ఇప్పటికీ అర్థం కాదు.

పాఠాంతరాలు వచ్చినప్పుడు ఎవరి మాట చెల్లుతుంది

రెండు పాత ప్రతులు, రెండు వేర్వేరు పాఠాలు, అసలు మాతృక ఏనాడో పోయింది. ఈ పరిస్థితి లేఖకుడి జీవితంలో తప్పక వస్తుంది, కనుక మీ సంఘానికి ఒక విధానం ఉండి తీరాలి. చరిత్రలో నిజంగానే మంత్రాలకు ప్రతులు తీసినవారు ఏం చేశారో చూడటం మేలు. ఈజిప్టులో దొరికిన గ్రీకు మంత్రపత్రాల్లో, కొన్నిచోట్ల లేఖకుడు ఒక పాఠం రాసి, వేరే ప్రతిలో మరొక విధంగా ఉందని పక్కనే గుర్తు పెట్టాడు. రెండింటిలో ఏది పనిచేస్తుందో తేల్చే పూచీ తన మీద వేసుకోకుండా, చదివేవాడికి వదిలేశాడన్నమాట.

తాళపత్ర ప్రతుల చివర లేఖకులు రాసుకునే ప్రసిద్ధమైన శ్లోకం ఒకటి ఉంది: "యాదృశం పుస్తకం దృష్ట్వా తాదృశం లిఖితం మయా, అబద్ధం వా సుబద్ధం వా మమ దోషో న విద్యతే." చూసిన పుస్తకంలో ఎలా ఉంటే అలాగే రాశాను, తప్పైనా ఒప్పైనా దోషం నాది కాదు అని దీని భావం. మామూలు గ్రంథంలో ఇది వినయం. ఊరిని తగలబెట్టగల గ్రంథంలో ఇది న్యాయస్థానంలో నిలబడవలసిన వాంగ్మూలం. మీ ప్రపంచంలో ఈ వాక్యం ఉన్న ప్రతికి ఒక ధర, "పరిష్కరించి రాశాను" అని సంతకం చేసిన ప్రతికి మరొక ధర ఉంటే, సంఘంలో రెండు వర్గాలు వాటంతట అవే ఏర్పడతాయి: ఉన్నదున్నట్లు రాసేవారు, పూచీ తీసుకుని దిద్దేవారు. ఎవరు సరైనవారో తేల్చకుండా కథ నడిపితే బాగుంటుందని నా అభిప్రాయం.

చిన్న విషయాలు కూడా స్థిరపరచుకోండి. విడిచిపోయిన మాటను హంసపాదం పెట్టి పైన రాయడం మామూలు ప్రతిలో చెల్లుతుంది. మంత్రంలో అలా పైన చేర్చిన మాట వరుసలో ఉన్నట్లా, లేనట్లా? తప్పు రాసిన అక్షరాన్ని గీకేయవచ్చా? తోరా లేఖకులు దేవుని నామాన్ని రాసిన తరువాత చెరపకూడదు. అక్కడ తప్పు దొర్లితే ఆ భాగాన్ని తీసి భద్రపరచి, కొత్త తోలు మీద మళ్లీ రాస్తారు. ఇటువంటి నియమం ఒక్కటి ఉన్నా చాలు, గ్రంథంలో కొన్ని మాటలు దగ్గరపడుతున్నకొద్దీ లేఖకుడి చెయ్యి ఎందుకు నెమ్మదిస్తుందో పాఠకుడికి తెలిసిపోతుంది.

పని పంపకం, జీతభత్యాలు

దీనికి ఎక్కువ వివరం అక్కరలేదు. 13వ శతాబ్దంలో బొలోన్యా, పారిస్ విశ్వవిద్యాలయాల్లో సరిచూసిన మాతృకను విడివిడి భాగాలుగా చేసి అద్దెకిచ్చేవారు. ఒకరు ఒక భాగం రాస్తుండగా మరొకరు మరొక భాగం రాసేవారు, ఆ విధంగా ఒకే గ్రంథానికి అనేక ప్రతులు ఒకేసారి తయారయ్యేవి. అక్కడ అది వేగం కోసం. మీ సంఘంలో అదే పద్ధతిని భద్రత కోసం వాడుకోవచ్చు: ఏ లేఖకుడి చేతికీ మంత్రం మొత్తం రాదు, ఎవరి దగ్గర ఏ ముక్క ఉందో ఒక్క పెద్దకే తెలుసు. జీతం పుటల లెక్కన ఇస్తే తొందర పెరుగుతుంది, రోజుల లెక్కన ఇస్తే పని సాగుతుంది, సరిచూసిన తరువాతే ఇస్తే సరిచూసేవారికి లంచాలు మొదలవుతాయి. మీ కథకు ఏ రోగం కావాలో చూసి ఆ జీతం పెట్టండి.

పాడైపోయిన గ్రంథాన్ని ఏం చేయాలి

కొత్త ప్రతి పూర్తయ్యాక పాతదాని గతి ఏమిటన్నది రచయితలు దాదాపుగా మరచిపోయే విషయం. మంత్రం ఉన్న వస్తువును చెత్తలో పారేయలేరు, కాల్చితే ఏమవుతుందో తెలియదు. యూదులు దైవనామం ఉన్న పాత పత్రాలను పారేయకుండా గెనిజా అనే గదిలో వేసి ఉంచుతారు, వీలైనప్పుడు పూడ్చిపెడతారు. కైరోలోని ఒక ప్రార్థనామందిరపు గెనిజాలో శతాబ్దాలపాటు అలా పోగుపడిన పత్రాల శకలాలు రెండు లక్షలకు పైగా బయటపడ్డాయి. మీ నగరంలో అటువంటి గది ఉంటే, సగం చిరిగిన వేలాది మంత్రాలు ఒకదాని మీద ఒకటి పడి ఉన్న ఆ చీకటి గదికి కాపలా ఎవరు, ఆ కాపలా పనికి ఎవరు ఒప్పుకుంటారు అన్నవి తేల్చుకోవాలి.

రాసే వస్తువు ఖరీదైనదైతే మరో ప్రమాదం ఉంటుంది: పాత రాతను గీకేసి అదే తోలు మీద కొత్తది రాయడం. 10వ శతాబ్దంలో ప్రతి తీసిన ఆర్కిమెడీజ్ రచనలను 1229లో గీకి, ఆ పత్రాలను అడ్డంగా తిప్పి ప్రార్థనా పుస్తకం రాశారు. 1998 తరువాత జరిగిన పరిశోధనలో, వేర్వేరు తరంగాల కాంతిలో ఛాయాచిత్రాలు తీసి అడుగునున్న పాఠంలో చాలా భాగాన్ని తిరిగి చదవగలిగారు. గీకినంత మాత్రాన అక్షరం పూర్తిగా పోదన్న ఈ సంగతిని మంత్రానికి అన్వయించి చూడండి. పసిపిల్లలు చదువుకునే అక్షరాభ్యాస పుస్తకం అడుగున ఎవరో గీకేసిన మంత్రం ఉండి, పైనున్న పాఠం, అడుగునున్న పాఠం ఒకే అక్షరం దగ్గర కలిసే చోట్లు కొన్ని ఉంటే, ఆ చోట్లను గుర్తించగలిగేది పాత ప్రతులతో జీవితమంతా గడిపిన లేఖకుడొక్కడే. తోలు కొనే అధికారి, గీకే పనివాడు, కొత్త పాఠం రాసే లేఖకుడు ముగ్గురూ వేరువేరు మనుషులుగా ఉండేటట్లు చూసుకోండి. అప్పుడు ఆ పుస్తకం ఎలా తయారైందో ఏ ఒక్కరినీ అడిగి తెలుసుకోవడానికి వీలుండదు, మీ పాత్ర ముగ్గురి దగ్గరికీ వెళ్లక తప్పదు.